పాంపేయిలో ప్రైవేటు గైడుతో కాలినడక: టికెట్టు కొనడం దగ్గర్నుంచి ఆఖరి గేటు దాకా

పాంపేయి ఇటలీలో నేపుల్స్ దగ్గరున్న 66 హెక్టార్ల పాత రోమన్ ఊరు. క్రీ.శ. 79లో వెసూవియస్ అగ్నిపర్వతం బద్దలై దాన్ని పూడ్చేసింది. 1748లో మొదలైన తవ్వకాల్లో ఇప్పటికి మూడింట రెండు వంతులు బయటపడింది. ఆ రెండు వంతులే శ్రద్ధగా చూడాలన్నా రెండు రోజులు చాలవు. అలాంటి చోట మూడు గంటల పాటు గైడును మాట్లాడుకుని "అన్నీ చూపించండి" అంటే, ముప్ఫై చోట్లకు పరుగెత్తించి ఒక్క చోటా నిలబడనివ్వరు. సాయంత్రానికి ఫోన్ నిండా ఫొటోలుంటాయి, ఏది ఏ ఇల్లో ఒక్కటీ గుర్తుండదు.

ప్రైవేటు గైడుకు పెట్టే డబ్బుకు అసలు ప్రతిఫలం మీ ఇష్టప్రకారం కొన్నిటిని వదిలేసే స్వేచ్ఛ. ఏం చూడాలో, ఏం వదలాలో ఇంటి దగ్గరే తేల్చుకుని గైడుకు ముందుగా రాసి పంపితే సగం పని అయిపోయినట్టే. ఆ తేల్చుకోవడం ఎలాగో, టికెట్టు, రైలు, గైడు, దారి ఒక్కొక్కటీ ఎలా కుదుర్చుకోవాలో చూద్దాం.

మొదట రోజు, వేళ

ఏప్రిల్ నుంచి అక్టోబరు దాకా ఉదయం 9 నుంచి రాత్రి 7 వరకు తెరిచి ఉంటుంది, సాయంత్రం 5.30 తర్వాత లోపలికి పంపరు. నవంబరు నుంచి మార్చి దాకా 9 నుంచి 5 వరకే, చివరి ప్రవేశం 3.30కి. జనవరి 1న, డిసెంబరు 25న సెలవు. ప్రతి నెలా మొదటి ఆదివారం ప్రవేశం ఉచితం. ఉచితమని ఆ రోజు పెట్టుకోవద్దు. గైడుకు వందల్లో ఇచ్చి, టికెట్టు డబ్బు మిగుల్చుకోవడానికి జనం మధ్య నలగడం దండగ.

ఊరంతా రాతి వీధులు, పైకప్పుల్లేని గోడలు. నీడ దాదాపు లేదు. జూలై, ఆగస్టుల్లో మధ్యాహ్నం ఆ రాళ్ళ వేడి మన మే నెల ఎండకు తీసిపోదు. ఏప్రిల్, మే, అక్టోబరు మంచివి. వేసవి సెలవుల్లో తప్పకపోతే 9 గంటలకు గేటు తెరవగానే లోపల ఉండేలా గైడుతో మాట్లాడుకోండి. 11 దాటాక ఓడల్లో వచ్చే పెద్ద గుంపులు, రోమ్ నుంచి వచ్చే బస్సుల జనం ఫోరం అనే పెద్ద మైదానం చుట్టూ నిండిపోతారు. వెత్తీల ఇల్లు, లుపనారె అనే పాత వేశ్యాగృహం లాంటి ఇరుకు చోట్ల వరసల్లో నిలబడాల్సి వస్తుంది. చలికాలంలో అయితే మధ్యాహ్నం ఒంటిగంటకు మొదలుపెట్టినా హాయిగానే ఉంటుంది, చీకటి పడేలోపు బయటపడేలా చూసుకోవాలి.

టికెట్టు: ఇంటిపేరు దగ్గర జాగ్రత్త

2024 నవంబరు 15 నుంచి రోజుకు 20,000 మందినే అనుమతిస్తున్నారు. టికెట్టు మీద పేరుంటుంది. రద్దీ నెలల్లో ఉదయానికీ మధ్యాహ్నానికీ విడివిడిగా వేళలుంటాయి. కనుక గైడును ఏ వేళకు మాట్లాడుకున్నారో టికెట్టూ ఆ వేళదే కావాలి. చాలామంది గైడు దొరకగానే పని అయిపోయిందనుకుంటారు. గైడు రుసుములో టికెట్టు కలిసి ఉండకపోవడమే మామూలు, అది అడిగి తెలుసుకోవాలి.

2025లో పాత ఊరికి మాత్రమే అయితే 18 యూరోలు, ఊరి బయటి విల్లాలతో కలిపి తీసుకుంటే 22 యూరోలు. మీరు వెళ్ళేటప్పటి ధర పార్కు అధికారిక వెబ్‌సైటులో చూసుకోండి. కొనడం కూడా అక్కడున్న లింకు నుంచే మేలు. వెతకగానే పైన కనిపించేవి ఎక్కువగా తిరిగి అమ్మేవాళ్ళవి, అదే టికెట్టుకు పైన మరికొంత కలుపుతారు. 18 ఏళ్ళలోపు పిల్లలకు ఏ దేశం వాళ్ళయినా ఉచితమే. అయినా వాళ్ళకూ టికెట్టు తీసుకోవాలి, వయసు చూపడానికి పాస్‌పోర్టు కావాలి.

ఇక పేరు. ఇటలీ ఫారాల్లో "నోమె" అంటే పెట్టిన పేరు, "కొన్యోమె" అంటే ఇంటిపేరు. మన పాస్‌పోర్టుల్లో కొందరికి ఇంటిపేరు గడి ఖాళీగా ఉంటుంది, కొందరికి రెండూ ఒకే గడిలో పడతాయి, ఇంకొందరికి పొడి అక్షరమే ఉంటుంది. ఫారం రెండు గడులూ నింపమంటుంది. పాస్‌పోర్టులో ఉన్న పదాలను అదే వరసలో రెండు గడుల్లోకి విడగొట్టి రాయండి. ఇంటి దగ్గర వాడే పొట్టి పేరు, పెళ్ళయ్యాక మారినా పాస్‌పోర్టులోకి ఎక్కని పేరు రాయవద్దు. గేటు దగ్గర అసలు పాస్‌పోర్టు అడగవచ్చు, అందరివీ ఒక్కరి దగ్గరే ఉంచితే లోపలికి వెళ్ళడం సులువు. తీసుకున్నాక పేరు మార్చుకోవడం తలనొప్పి కాబట్టి, డబ్బు కట్టేముందు ఒకరు చదువుతుంటే ఇంకొకరు పాస్‌పోర్టుతో పోల్చి చూడాలి.

గైడును ఎంచుకోవడం

ఇటలీలో చారిత్రక స్థలాల్లో వివరించి చెప్పడానికి లైసెన్సు కావాలి. లైసెన్సున్న గైడుకు ఫొటో, నంబరు, ఏ భాషల్లో చెప్పవచ్చో రాసిన గుర్తింపు కార్డు ఉంటుంది. దాన్ని మెడలో వేసుకుంటారు. 2023 డిసెంబరులో వచ్చిన 190వ నంబరు చట్టంతో ఇది జాతీయ స్థాయి పరీక్ష, జాతీయ జాబితాగా మారింది. గుంపు వెంట రోమ్ నుంచి వచ్చే టూర్ లీడరు వేరు. ఆ పని బస్సు, హోటలు, వేళలు చూసుకోవడం వరకే. బుక్ చేసేటప్పుడే లైసెన్సు నంబరు అడగండి. నిజమైన గైడు దాన్ని వెంటనే ఇస్తారు.

రైలు దిగి స్టేషను గడప దాటగానే కొందరు మెడలో కార్డులతో ఎదురొచ్చి "టికెట్లు ఇక్కడే" అని పిలుస్తారు. వాళ్ళు చూపించే గది పార్కు కౌంటరు కాదు, టూర్లు అమ్మే కొట్టు. "ప్రైవేటు" అని చెప్పి ఇరవై మందిని పోగేసేదాకా ఎండలో నిలబెట్టడం అక్కడ మామూలు. అసలు గేటు పోర్తా మరీనా, స్టేషను నుంచి రెండు మూడు నిమిషాల నడక. ఎవరు పిలిచినా ఆగకుండా నేరుగా అక్కడికే వెళ్ళండి.

రుసుము మనిషికింత అని ఉండదు, గుంపు మొత్తానికి ఒకటే. రెండు గంటలకు సాధారణంగా వంద నుంచి రెండు వందల యూరోల మధ్య చెబుతారు, మూడో గంటకు అదనం. ఇద్దరికి భారంగా అనిపించేది, రెండు కుటుంబాలు కలిసి ఎనిమిది మంది వెళితే పెద్ద గుంపు టూరుకు పెట్టే దానికి దగ్గరకొస్తుంది. ఎంతమంది వరకు అదే రుసుమో అడగాలి. రైళ్ళ సమ్మె వస్తే ఏం చేస్తారో, ఎన్ని గంటల ముందు రద్దు చేసుకుంటే బయానా తిరిగిస్తారో రాతలో ఉండాలి. నేపుల్స్ చుట్టుపక్కల లోకల్ రైళ్ళకు సమ్మెలు తరచూ వస్తుంటాయి. ముందుగానే ప్రకటిస్తారు గనుక రెండు రోజుల ముందు ఒకసారి చూసుకోండి.

గైడుకు విషయం ఎంత తెలుసో పోల్చుకోవడానికి మూడు ప్రశ్నలు చాలు. పాంపేయిని లావా ముంచేసిందా అని అడగండి. లావా కాదు. మొదట గంటల తరబడి గులకరాళ్ళలాంటి తేలికపాటి ప్యూమిస్ రాళ్ళు దాదాపు మూడు మీటర్ల మందాన కురిశాయి. మర్నాడు పొద్దున కాలే వాయువులూ బూడిదా కలిసి నేల మీదుగా దూసుకొచ్చి మిగిలినవాళ్ళను చంపాయి. రెండో ప్రశ్న, ఏ నెలలో జరిగింది? పాత పుస్తకాల్లో ఆగస్టు 24 అని ఉంటుంది. 2018లో ఒక ఇంటి గోడ మీద అక్టోబరు 17కు సమానమైన తేదీతో బొగ్గు రాత దొరికాక, అక్టోబరు అనే వాదానికి బలం పెరిగింది. మూడోది, బంగారు కంకణం ఇల్లు అనే చోట దొరికిన "తల్లీబిడ్డల" శవాల గురించి. 2024లో వెలువడ్డ డీఎన్‌ఏ పరీక్షల్లో ఆ పెద్ద మనిషి మగవాడని, ఆ బిడ్డకు రక్తసంబంధీకుడు కాడని తేలింది. గైడుకు మూడూ తెలియకపోయినా ఫరవాలేదు. తెలియనిచోట కథ అల్లే మనిషి అయితే మాత్రం వద్దు.

గైడుకు రాసే ఉత్తరం

బుకింగు అయ్యాక ఒక పేరా రాసి పంపండి. అందులో ఉండాల్సినవి: ఎంతమంది, వయసులెంత, ఎవరికి మోకాళ్ళ నొప్పి, ఎవరికి ఇంగ్లీషు రాదు, ఏం చూడాలి, ఏం వద్దు, ఏ గేటు నుంచి బయటకు వెళ్తారు. ఉదాహరణకు ఇలా: "మేము ఆరుగురం. అమ్మకు 68 ఏళ్ళు, మెట్లు నెమ్మదిగా ఎక్కుతుంది, ఇంగ్లీషు రాదు. పిల్లలు 9, 13. మూడున్నర గంటలు కావాలి. రొట్టెల కార్ఖానా, స్నానశాల, వెత్తీల ఇల్లు, వీధిలోని అంగళ్ళు, ఏనుగు దంతపు బొమ్మ దొరికిన ఇల్లు, ఆంఫిథియేటరు చూడాలి. లుపనారె వద్దు. ప్రతి చోటా మీరు చెప్పాక రెండు నిమిషాలు ఆగండి, మేము అమ్మకు తెలుగులో చెబుతాం."

ఆఖరి మాటను చాలామంది రాయరు. తెలుగులో చెప్పే గైడు అక్కడ దొరకరు. పెద్దవాళ్ళను వెంట తీసుకెళ్ళి, గైడు ఏకబిగిన ఇంగ్లీషులో చెప్పుకుపోతుంటే వాళ్ళు వెనక ఒంటరిగా నడుస్తారు. అర్థం చేసుకుని చెప్పే పని ఇంట్లో ఒకరికి అప్పగించి, అందుకు గంట అదనంగా కొనుక్కోవాలి. రెండున్నర గంటల టూరు మన కుటుంబాలకు మూడున్నర గంటలు పడుతుంది.

పిల్లల సంగతి కూడా ముందే చెప్పాలి. లుపనారె గోడల మీది శృంగార చిత్రాలు దాచిపెట్టినవి కావు. వెత్తీల ఇంటి గుమ్మంలోనే పెద్ద పురుషాంగంతో ప్రయాపస్ దేవుడి బొమ్మ ఉంటుంది, దిష్టి తగలకుండా, సిరి కలగాలని వేయించుకున్నది. ఏది చూపించాలో ఏది దాటించాలో మీరు చెబితే గైడు దానికి తగ్గట్టు మాట మారుస్తారు.

చిరునామా చదవడం నేర్చుకోండి

19వ శతాబ్దంలో తవ్వకాలు నడిపించిన జుసెప్పే ఫియొరెల్లి ఊరిని తొమ్మిది విభాగాలుగా, వాటిని బ్లాకులుగా విడదీసి, ప్రతి గుమ్మానికీ ఒక నంబరు పెట్టాడు. ఫౌన్ ఇల్లు 6.12.2 అంటే ఆరో విభాగం, 12వ బ్లాకు, 2వ గుమ్మం. వీధి మూలల్లో గోడ మీద విభాగం, బ్లాకు రోమన్ అంకెల్లో రాసి ఉంటాయి. ఇళ్ళ పేర్లు పుస్తకానికో రకంగా ఉంటాయి, నంబరు మారదు. గైడుకు రాసేటప్పుడు నంబర్లు రాయండి: వెత్తీల ఇల్లు 6.15.1, రొట్టెల కార్ఖానా 7.2.22, మెనాండర్ ఇల్లు 1.10.4, పారిపోయినవాళ్ళ తోట 1.21.

ఇళ్ళన్నీ రోజూ తెరవరు. మరమ్మతులు, సిబ్బంది కొరత, వంతుల ప్రకారం తెరవడం అన్నీ ఉంటాయి. ఏవి తెరిచి ఉన్నాయో పార్కు వెబ్‌సైటులో జాబితా ఉంటుంది. ముందు రోజు రాత్రి అది చూసి, మూసి ఉన్నదానికి బదులు ఏదో గైడును అడగండి. తప్పక చూడాలనుకున్న ప్రతిదానికీ ఒక బదులు పేరు రాసి ఉంచుకుంటే గుమ్మం ముందు నిలబడి ఉసూరుమనాల్సిన పని ఉండదు.

చేరుకోవడం, వెంట ఉండాల్సినవి

రోమ్ నుంచి వేగపు రైల్లో నేపుల్స్ గంటా పది నిమిషాలు. బోర్డుల మీద "నాపోలి చెంత్రాలె" అని ఉంటుంది. అక్కడే కింది అంతస్తులో గరిబాల్ది స్టేషను, చిర్కుమ్‌వెసువియానా లోకల్ రైళ్ళు అక్కడి నుంచే. సోరెంతో వెళ్ళే రైలు ఎక్కి "పాంపేయి స్కావి – విల్లా దెయ్ మిస్తేరి"లో దిగాలి, 35–40 నిమిషాలు. పొజ్జొమరీనో రైలు ఎక్కితే ఇంకో స్టేషనులో, కొత్త ఊరి మధ్యలో దిగుతారు. ఒక స్టేషను వెనక్కి వెళ్ళి పోర్తా నోలానాలో ఎక్కితే కూర్చునే చోటు దొరుకుతుంది, రైలు బయలుదేరేది అక్కడే. ఇసుకేస్తే రాలనంత రద్దీలో జేబుదొంగలుంటారు, పాస్‌పోర్టు సంచి ముందుకు వేసుకోండి.

లోపలికి 30×30×15 సెంటీమీటర్లకు మించిన సంచి తీసుకెళ్ళనివ్వరు. పోర్తా మరీనా దగ్గర సామాను ఉచితంగా పెట్టుకోవచ్చు. ఇక్కడే ఒక చిక్కుంది. నడక సహజంగా పడమటి గేటులో మొదలై తూర్పున ఆంఫిథియేటరు (గుండ్రటి ఆటల బరి) దగ్గర ముగుస్తుంది. సామాను పోర్తా మరీనాలో ఉంటే, అలసిన కాళ్ళతో కిలోమీటరుకు పైగా వెనక్కి నడవాలి. బయటకు వెళ్తే మళ్ళీ లోపలికి పంపరు. సూట్‌కేసులు నేపుల్స్ స్టేషనులో వదిలి రావడమే మంచిది.

చెప్పులు, హీల్స్ వద్దు. వీధులకు పరిచినవి పలకలు కావు, గుమ్మడికాయంత నల్లటి అగ్నిశిలలు, మధ్యలో సందులతో. తొక్కి తొక్కి నునుపెక్కాయి, వాన పడితే జారతాయి. రబ్బరు అడుగున్న బూట్లు, టోపీ, మనిషికి లీటరు నీళ్ళ సీసా. నీళ్ళు కొనక్కర్లేదు, వీధి మూలల పాత తొట్ల దగ్గర కుళాయిలున్నాయి, తాగవచ్చు. మరుగుదొడ్లు గేట్ల దగ్గర, ఫోరం పక్క ఫలహారశాల దగ్గర ఉంటాయి. మొదలుపెట్టేముందే వెళ్ళి రావాలి. శాకాహారులకు ఆ ఫలహారశాలలో దొరికేది కొద్దిగానే, పులిహోరో రొట్టెలో డబ్బాలో పెట్టుకెళ్ళి నడక అయ్యాక బయట తినండి.

చక్రాల కుర్చీ, పిల్లల బండి ఉంటే దారే మారిపోతుంది. పియాత్సా అంఫితియాత్రో గేటు నుంచి ఫోరం వరకు మూడు కిలోమీటర్లకు పైగా మెట్లు లేకుండా సరిచేసిన దారి ఉంది. గైడుకు ముందే చెప్పి ఆ గేటు నుంచి మొదలుపెట్టాలి. పోర్తా మరీనా దగ్గర ఏటవాలు రాతి దారి కుర్చీకి పనికిరాదు.

నడక: మూడున్నర గంటలకు ఒక దారి

పోర్తా మరీనా ఎక్కగానే బసిలికా (న్యాయస్థానం, వర్తకాల భవనం), అపోలో గుడి, తర్వాత ఫోరం. ఇక్కడ అరగంట మించనివ్వకండి. ఊరి ముఖ్య మైదానం గనుక చెప్పాల్సింది చాలా ఉంటుంది, గైడులు ముప్పావు గంట తినేస్తారు, ఆ లోటు ఇళ్ళ దగ్గర పడుతుంది. ఉత్తరాన జూపిటర్ గుడి వెనక వెసూవియస్ కనిపించే చోట ఒక మాట అడగండి: ఇక్కడి కట్టడాల్లో అగ్నిపర్వతం పడగొట్టినవేవి, క్రీ.శ. 62లో వచ్చిన భూకంపానికి దెబ్బతిని బాగుచేస్తూ ఉండగా పూడిపోయినవేవి? ఆ జవాబు విన్నాక ఊరంతా వేరుగా కనిపిస్తుంది.

ఫోరం స్నానశాలలో నిదానంగా ఉండండి. వేడిగది పైకప్పు చూడండి, నిలువునా గాళ్ళు తీసి ఉంటాయి. ఆవిరి నీరై మనుషుల నెత్తిన చుక్కలుగా పడకుండా ఆ గాళ్ళ వెంట గోడలకు జారేలా చేశారు. గది ఒక చివరనున్న పెద్ద పాలరాతి తొట్టి అంచు చుట్టూ కంచు అక్షరాలున్నాయి. దాన్ని చేయించిన ఇద్దరు అధికారుల పేర్లు, ఖర్చు 5,250 సెస్టెర్సులు (రోమన్ నాణేలు) అని లెక్క. ప్రజల సొమ్ముతో చేయించి, ఎంతయిందో అందరూ చేతులు కడుక్కునేచోట రాయించారు.

అక్కడి నుంచి ఫౌన్ ఇల్లు పక్కనే, దాదాపు మూడు వేల చదరపు మీటర్లు. అలెగ్జాండర్ యుద్ధం మొజాయిక్ ఇక్కడ దొరికిందే గానీ ఉన్నది నకలు, అసలుది నేపుల్స్ మ్యూజియంలో. ఈ ఇంటికి పదిహేను నిమిషాలు చాలు. వెత్తీల ఇంటికి అరగంట ఇవ్వండి. బానిసత్వం నుంచి విడుదలై వ్యాపారంలో గడించిన వాళ్ళ ఇల్లిది, చాలా ఏళ్ళు మూసి ఉంచి 2023 జనవరిలో తెరిచారు. రోమన్ ఇంటి కట్టడం మనకు వింతగా తోచదు. కోనసీమ మండువా లోగిలిలో లాగే నడుమ ఆకాశానికి తెరిచిన చోటు, నాలుగు వైపులా లోపలికి వాలిన కప్పు, కింద వాననీళ్ళు పట్టే తొట్టి. అమ్మమ్మలకు చెప్పాల్సిన మాట ఇదే, వెంటనే పట్టుకుంటారు.

తర్వాత 7.2.22 రొట్టెల కార్ఖానా. నల్లరాతి తిరగళ్ళు వరసగా నిలబడి ఉంటాయి. కింద శంకువు ఆకారపు రాయి, దాని మీద ఇసుక గడియారంలా నడుము సన్నగా ఉన్న బోలు రాయి. పై రాయి నడుము దగ్గర చతురస్రపు రంధ్రాలు వెతకండి. వాటిలో దుంగ దూర్చి గాడిదను కట్టి తిప్పించేవాళ్ళు. గోధుమలు పైనుంచి పోస్తే పిండి కింద అంచు వెంట పడేది. వెనక ఇటుకల పొయ్యి. 7.1.36లోని ఇంకో కార్ఖానాలో పొయ్యి తెరిచినప్పుడు 81 రొట్టెలు బొగ్గయి దొరికాయి.

ఇక వియా దెల్లాబ్బొందాంత్సా, తూర్పుకు సాగే పెద్ద వీధి. మొత్తం నడకలో ఎక్కువ సమయం ఇవ్వాల్సింది దీనికే, గుంపు టూర్లు ఎక్కువగా వదిలేసేదీ దీన్నే. మొదట నేల చూడండి. బండి చక్రాలు కోసిన గాళ్ళు, వాటి మధ్య వీధి దాటడానికి ఎత్తుగా నిలిపిన రాళ్ళు, చక్రాలు వాటి సందుల్లోంచి పోయేవి. వీధి మూల నీటి తొట్టి దగ్గర ఆగి, నీళ్ళు పడే మూతికి అటూ ఇటూ రాతి అంచు మీద చెయ్యి వేయండి. అరచేయంత పల్లాలు తగులుతాయి. తాగడానికి వంగినవాళ్ళు, బిందె పట్టినవాళ్ళు ఆనుకుని ఆనుకుని రాయి అరిగింది.

1.6.7 బట్టలు ఉతికే స్తెఫానుస్ కొట్టు, మూత్రంతో మురికి వదలగొట్టిన చోటు. పిల్లలు ఇక్కడ వదలకుండా ప్రశ్నలడుగుతారు. 1.8.8 వండిన తిండి, పానీయాలు అమ్మిన అంగడి. రంగురంగుల పాలరాతి ముక్కలతో పొదిగిన గల్లా బల్ల, అందులో పాతిన మట్టి జాడీల మూతులు. ఒక జాడీలో మూడు కిలోల దాకా చిల్లర నాణేలు దొరికాయి. వెనక గోడ మీద ఇంటి దేవతలు, డబ్బు సంచితో వర్తక దేవుడు మెర్క్యురీ, కింద రెండు పాములు.

అదే బ్లాకులో 1.8.5 గుమ్మం ముందు మనవాళ్ళు తప్పకుండా ఆగాలి. 1938లో పురావస్తు శాస్త్రవేత్త అమెదెయో మయూరి ఇక్కడ తవ్వినప్పుడు భారతదేశంలో చెక్కిన ఏనుగు దంతపు స్త్రీమూర్తి దొరికింది. ఎత్తు పాతిక సెంటీమీటర్ల లోపే. మెడ నిండా హారాలు, చేతుల నిండా గాజులు, రెండు పక్కలా చెలికత్తెలు. మొదట లక్ష్మి అన్నారు, ఇప్పుడు యక్షి అనేవాళ్ళు ఎక్కువ. పీఠం మీద వాయవ్య భారతపు ఖరోష్ఠీ లిపి అక్షరం ఉంది, పోలిక మాత్రం దక్కనులోని తేర్, భోకర్దన్‌లలో దొరికిన బొమ్మలతో కుదురుతుంది. అవి శాతవాహనుల నాటి వర్తక పట్టణాలు. ఆ వర్తకంలో ఇటు వచ్చిన రోమన్ నాణేలు నల్గొండ జిల్లాలో, నాగార్జునకొండలో దొరికాయి. ఈ ఇంటి తలుపు తరచూ మూసే ఉంటుంది, బొమ్మ లోపల లేదు. గైడును ఇక్కడ ఐదు నిమిషాలు నిలబెట్టి ఆ సముద్ర వర్తకం గురించి చెప్పమని ముందే రాసి ఉంచండి. చాలామంది గైడులు తమంతట తాము ఇక్కడ ఆగరు.

చివర ఆంఫిథియేటరు. క్రీ.పూ. 70 ప్రాంతంలో కట్టింది, ఇప్పటికి నిలిచి ఉన్న రాతి ఆంఫిథియేటర్లలో ఇదే పాతది. క్రీ.శ. 59లో ఇక్కడ పొరుగూరి నుకేరియా వాళ్ళతో కొట్లాట జరిగి, పదేళ్ళ పాటు ఆటలు నిషేధించారు. దగ్గర్లోనే పారిపోయినవాళ్ళ తోట. ఊరు దాటబోతూ చనిపోయిన 13 మంది అచ్చులు అక్కడ గాజు వెనక ఉన్నాయి. బూడిద గట్టిపడ్డాక లోపలి శరీరాలు కుళ్ళి బోలు ఏర్పడింది, 1863లో ఫియొరెల్లి అలాంటి బోలుల్లో పలచని ప్లాస్టరు పోయించి రూపం తీయడం మొదలుపెట్టాడు. అందుకే వీటిని బొమ్మలనడం సరికాదు, చాలావాటిలో ఎముకలు లోపలే ఉన్నాయి. ఇక్కడ సెల్ఫీలు తీసుకోకండి, పిల్లలకు లోపలికి వెళ్ళేముందే ఇది చెప్పండి.

ఊరి బయటి విల్లాల్లో ఒకటైన మిస్తేరి విల్లా చూడాలంటే ఈ దారిలో ఇమడదు. అది వాయవ్యాన, ఎర్కొలానో ద్వారం దాటి సమాధుల వీధి వెంట వెళ్తే వస్తుంది. కావాలంటే విల్లాలతో కలిపిన టికెట్టు తీసుకుని, వియా దెల్లాబ్బొందాంత్సా తూర్పు సగం, ఆంఫిథియేటరు వదిలి, వెత్తీల ఇంటి నుంచి అటు మళ్ళండి. రెండూ కావాలంటే ఐదు గంటలు పడుతుంది, పెద్దవాళ్ళుంటే వద్దు.

నడుస్తూ ఉండగా

గైడు తొందర పెడుతున్నట్టు అనిపిస్తే మొహమాటపడకుండా "ఒక చోటు తగ్గించండి, ఇక్కడ ఉందాం" అనండి. గోడల రంగులు ముట్టుకోవద్దు, ఫ్లాష్ వాడవద్దు, డ్రోన్, ట్రైపాడ్ కుదరదు. చిన్న రాయి అయినా జేబులో వేసుకుంటే నేరం. గైడుకు టిప్పు తప్పనిసరి కాదు, బాగా చెప్పారనిపిస్తే పది, ఇరవై యూరోలు ఇస్తే సంతోషిస్తారు.

గైడు సెలవు తీసుకున్నాక కూడా మూసేవరకు మీరు లోపల ఉండవచ్చు. విన్నది ఇంకా చెవుల్లో ఉండగానే నచ్చిన ఒక ఇంటికి వెనక్కి వెళ్ళి రండి. ఆంఫిథియేటరు వైపు బయటకొస్తే ప్రభుత్వ రైళ్ళ పాంపేయి స్టేషను దగ్గర. చిర్కుమ్‌వెసువియానా స్టేషనుకైతే ఊరి బయటి రోడ్డు వెంట ఇరవై, ఇరవై ఐదు నిమిషాలు నడవాలి.

దంతపు బొమ్మ, అలెగ్జాండర్ మొజాయిక్, బొగ్గయిన రొట్టె, ఇళ్ళలోంచి తీసిన మంచి చిత్రాలు అన్నీ నేపుల్స్ జాతీయ పురావస్తు మ్యూజియంలో ఉన్నాయి. అది మంగళవారం సెలవు. కనుక పాంపేయిని సోమవారం పెట్టుకుంటే మర్నాడు దాన్ని చూడలేరు, బుధవారం నుంచి ఆదివారం లోపు రెండు రోజులు కలిసొచ్చేలా చూసుకోండి. మెట్రో ఒకటో లైనులో "మ్యూజియో" స్టేషను దాని ముందే. దంతపు బొమ్మ ఉన్నది "గబినెత్తో సెగ్రేతో" (రహస్య గది) అనే గదిలో. అందులో మిగతావన్నీ శృంగార బొమ్మలే, పిల్లలతో వెళ్ళేవాళ్ళు వంతులు వేసుకుని చూసి రావాలి.